‘మందబి’ (1968): చూసేవాళ్లు తరచుగా అడిగే ప్రశ్నలు

సెనెగల్ దర్శకుడు ఉస్మాన్ సెంబేన్ తీసిన ఈ సినిమా గురించి ఎవరితో మాట్లాడినా తిరిగి తిరిగి అవే సందేహాలు వస్తున్నాయి. అందుకే అన్నీ ఒకచోట పెట్టాను. ఏ ప్రశ్న దగ్గర మొదలుపెట్టినా పర్వాలేదు. కథ తెలియకుండా చూడాలనుకునేవాళ్లు మాత్రం మొదటి భాగం చదివి ఆపేయండి.

## చూడకముందు

ఇది దేని గురించి? రెండు ముక్కల్లో చెప్పండి.

డకార్ నగరంలో ఉద్యోగం సద్యోగం లేని పెద్దమనిషి ఇబ్రహిమా దియెంగ్. ఇద్దరు భార్యలు, ఏడుగురు పిల్లలు. పారిస్‌లో వీధులూడ్చే మేనల్లుడు అబ్దూ అతని పేరుమీద 25,000 సీఎఫ్‌ఏ ఫ్రాంకుల (సెనెగల్‌లో చెల్లే డబ్బు) మనియార్డర్ పంపుతాడు. ఆ డబ్బు చేతికి తెచ్చుకోవడానికి దియెంగ్ పడే పాట్లే కథంతా. మందబి అంటే ‘ఆ మనియార్డర్’ అనే. ఫ్రెంచిలో దీన్ని ‘ల మందా’ అంటారు.

ఆఫ్రికా సినిమాల్లో దీనికి అంత పేరెందుకు?

పశ్చిమాఫ్రికా భాషలో, అంటే సెనెగల్ జనం మాట్లాడే వొలోఫ్‌లో, తీసిన మొదటి పూర్తి నిడివి సినిమాగా దీన్ని చెబుతారు. అప్పటిదాకా ఆ ప్రాంతపు దర్శకుల సినిమాలు దాదాపుగా ఫ్రెంచిలోనే మాట్లాడేవి. సెంబేన్ అంతకుముందు 1966లో తీసిన ‘ల నువార్ ద...’ కూడా అంతే. డకార్ నుంచి ఫ్రాన్స్‌కు పనిమనిషిగా వెళ్లిన అమ్మాయి కథ అది. ఆమె మనసులోని మాటలు కూడా ఫ్రెంచిలోనే వినిపిస్తాయి.

ఇంకో సంగతి. ఫ్రెంచి వలసల్లో ఎవరు సినిమా తీయాలన్నా ప్రభుత్వ అనుమతి ఉండాలని 1934లో ఒక ఉత్తర్వు వచ్చింది. లవాల్ డిక్రీ అంటారు. దాని పుణ్యమా అని ఆఫ్రికన్లు సొంత నేలమీద కెమెరా పట్టుకునే అవకాశమే దాదాపు లేకుండా పోయింది. 1955లో ఆఫ్రికన్ దర్శకుడు పోలాన్ వియేరా, అతని మిత్రులు ‘ఆఫ్రిక్ స్యూర్ సెన్’ అనే చిన్న సినిమాను పారిస్‌లో తీసుకోవాల్సి వచ్చింది. సెనెగల్‌కు స్వాతంత్ర్యం 1960లో వచ్చింది. సొంత ఊళ్లో సొంత భాషలో మాట్లాడే సినిమా రావడానికి ఇంకో ఎనిమిదేళ్లు పట్టింది.

పాత సినిమా, పైగా ఆఫ్రికన్ ఆర్ట్ సినిమా. బోర్ కొడుతుందా?

కొట్టదు. ఇది హాస్యం. కడుపు మండించే హాస్యమే గానీ, హాస్యమే. నిడివి గంటన్నర. రంగుల సినిమా. మొదటి పావుగంట నెమ్మదిగా ఉందనిపిస్తే ఓపిక పట్టండి, అప్పులవాళ్లు గుమ్మం ఎక్కడం మొదలయ్యాక పరుగు అందుకుంటుంది.

పిల్లలతో కలిసి చూడొచ్చా?

పన్నెండేళ్లు దాటిన పిల్లలతో హాయిగా చూడొచ్చు. ఒక చిన్న కొట్లాట, కొంచెం నెత్తురు తప్ప ఇబ్బంది పెట్టేదేమీ లేదు. బహుభార్యాత్వం గురించి ప్రశ్నలు వస్తాయి, జవాబులు సిద్ధంగా పెట్టుకోండి.

సెంబేన్ ఎవరు?

1923లో సెనెగల్ దక్షిణాన, కాసమాన్స్ ప్రాంతంలోని జిగిన్‌షోర్‌లో పుట్టాడు. తండ్రి చేపలు పట్టేవాడు. సెంబేన్ చదువు బడి వయసులోనే ఆగిపోయింది. రెండో ప్రపంచయుద్ధంలో ఫ్రెంచి సైన్యంలో పనిచేశాడు. తర్వాత ఫ్రాన్స్ వెళ్లి మార్సెయ్ రేవులో కూలీ అయ్యాడు. కార్మిక సంఘంలో, కమ్యూనిస్టు పార్టీలో తిరిగాడు. మొదటి నవల 1956లో వచ్చింది, అదీ రేవు కూలీ గురించే. 1947-48 నాటి రైల్వే సమ్మె మీద 1960లో రాసిన నవలతో పెద్ద రచయితగా పేరొచ్చింది.

ఇంత పేరున్నవాడు నలభై ఏళ్ల వయసులో మాస్కో వెళ్లి, గోర్కీ స్టూడియోలో సోవియట్ దర్శకుడు మార్క్ దాన్‌స్కోయ్ దగ్గర సినిమా నేర్చుకున్నాడు. తన పుస్తకాలు తనవాళ్లు చదవలేరన్న బాధే దానికి కారణం. సినిమాను జనానికి రాత్రిబడి అనేవాడు. 2007లో డకార్‌లో చనిపోయాడు.

## చూస్తున్నప్పుడు

మొదట్లో ఆ క్షౌరం సీన్ అంతసేపు ఎందుకు?

చెట్టుకింద వీధి మంగలి దియెంగ్‌కు గుండు గీస్తాడు, ముక్కులో వెంట్రుకలు కూడా కత్తిరిస్తాడు. కెమెరా బాగా దగ్గరకెళ్లి, తొందరేమీ లేనట్టు చూపిస్తుంది. తర్వాత దియెంగ్ పొడవాటి బూబూ అంగీ సర్దుకుని, నలుగురూ చూసేలా ఠీవిగా ఇంటికి నడుస్తాడు. జేబులో కాసు లేదు, దర్పానికి మాత్రం లోటు లేదు. మనిషిని ఇంతకంటే బాగా పరిచయం చేయడం కష్టం. ఆ ముక్కు గుర్తుపెట్టుకోండి, ఫొటో స్టూడియోలో దెబ్బ తగిలి నెత్తురు కారేది దాన్నుంచే.

డబ్బు వచ్చిందని భార్యలు వెంటనే ఎందుకు చెప్పరు?

ముందు కడుపు నిండాలి కాబట్టి. పోస్ట్‌మ్యాన్ చీటీ ఇచ్చి వెళ్లగానే మేటీ, ఆరమ్ దాన్ని చూపించి వీధి చివరి కొట్టువాడు ఎంబార్కా దగ్గర బియ్యం, సరుకులు అరువు తెచ్చేస్తారు. దియెంగ్ వచ్చి సుష్టుగా తిని, తేన్చి, కాళ్లు పట్టించుకుని నడుం వాలుస్తాడు. ఈ తిండి ఎక్కడిదన్న ప్రశ్న ఆ తర్వాత గానీ రాదు. అంటే డబ్బు రాకముందే ఖర్చు మొదలైంది. సినిమా చివరిదాకా ఇదే లెక్క నడుస్తుంది: మనియార్డర్ కాగితంగానే ఉంటుంది, దాని పేరుమీద అప్పులు మాత్రం నిజమైనవి.

25,000 అంటే పెద్ద మొత్తమా? అందులో దియెంగ్ వాటా ఎంత?

అప్పట్లో 50 సీఎఫ్‌ఏ ఫ్రాంకులు ఒక ఫ్రెంచి ఫ్రాంకుకు సమానం. కాబట్టి ఇది 500 ఫ్రెంచి ఫ్రాంకులు. పారిస్‌లో వీధులూడ్చేవాడు కూడబెట్టడానికి చాలాకాలమే పడుతుంది. డకార్ పేటలో అందరి కళ్లూ పడేంత సొమ్ము.

అబ్దూ ఉత్తరంలో పంపకం స్పష్టంగా రాశాడు. 20,000 తనకోసం దాచిపెట్టాలి. 3,000 తన తల్లికి, అంటే దియెంగ్ అక్కచెల్లెలికి. మామకు మిగిలేది 2,000. ఈ అంకెలు గుర్తుంటే సినిమా ఇంకా చేదుగా కనిపిస్తుంది. పేటంతా దియెంగ్‌ను పాతికవేల ఆసామిగా చూస్తుంది. అతను కూడా కాసేపు అలాగే ప్రవర్తిస్తాడు. గల్ఫ్ నుంచి డబ్బు వచ్చే ఇళ్లున్న నిజామాబాద్, కరీంనగర్, కడప వైపు వాళ్లకు ఈ సంగతి విడమరిచి చెప్పక్కర్లేదు.

పారిస్ దృశ్యాలు మధ్యలో ఎందుకొస్తాయి?

దియెంగ్‌కు చదువు రాదు. పోస్టాఫీసు దగ్గర ఉత్తరాలు చదివిపెట్టే మనిషికి డబ్బిచ్చి చదివించుకుంటాడు. ఆ ఉత్తరం వినిపిస్తుండగా అబ్దూ చీపురుతో పారిస్ వీధుల్లో కనిపిస్తాడు. సినిమాలో అతన్ని మళ్లీ చూడం. ఆ డబ్బు ఎవరి చెమటో ప్రేక్షకుడికి తెలుసు, పేటలో చేయి చాచేవాళ్లకు పట్టదు.

డబ్బు తీసుకోవడానికి అతనికి కావాల్సిన కాగితాలేంటి?

ఇక్కడ చాలామంది తికమకపడతారు, కాబట్టి వరసగా చెబుతాను. పోస్టాఫీసు గుర్తింపు కార్డు అడుగుతుంది. కార్డు కోసం పోలీసు స్టేషన్‌కు వెళితే జనన ధ్రువీకరణ పత్రం, మూడు ఫొటోలు, స్టాంపు తెమ్మంటారు. జనన పత్రం కోసం నగర కార్యాలయానికి వెళితే పుట్టిన తేదీ చెప్పమంటారు. దియెంగ్‌కు తెలిసింది 1900 ప్రాంతంలో పుట్టానని మాత్రమే. ఓటరు కార్డు చూపిస్తాడు, పన్ను కట్టిన రసీదు చూపిస్తాడు. గుమాస్తాకు అవి చాలవు. ఓటు వేయించుకోవడానికి, పన్ను వసూలు చేసుకోవడానికి ఈ మనిషి ఉన్నాడని ప్రభుత్వం ఒప్పుకుంది. అతని డబ్బు అతనికి ఇవ్వాల్సివచ్చేసరికి ఉన్నాడో లేడో అనుమానం వచ్చింది. నా మటుకు సినిమా మొత్తంలో అతి పదునైన చోటు ఇదే. అక్కడ గుమాస్తా కోపంగా కూడా ఉండడు, విసుగ్గా ఉంటాడు. ఆ విసుగే ఎక్కువ బాధిస్తుంది.

మనియార్డర్‌కు గడువుందని, ఆ లోపు తీసుకోకపోతే వెనక్కి పోతుందని కూడా గుర్తుంచుకోండి. అతని పరుగుకు కారణం అదే.

ఆఫీసుల్లో వాళ్లు ఒక్కసారిగా ఫ్రెంచిలో ఎందుకు మాట్లాడతారు?

గుమాస్తాలకు వొలోఫ్ రాక కాదు. ఫ్రెంచి మాట్లాడటమే వాళ్ల హోదా. ఇల్లు, వీధి, మసీదు, కొట్టు దగ్గర అంతా వొలోఫ్. కౌంటర్ దగ్గరికి రాగానే భాష మారుతుంది, దియెంగ్ భుజాలు కుంగుతాయి. సబ్‌టైటిల్స్‌తో చూసేవాళ్లకు ఈ తేడా తెలియకుండా పోయే ప్రమాదం ఉంది. చెవి పెట్టి వినండి.

ఫొటో స్టూడియో గొడవ అర్థం కాలేదు. ఏమైంది?

దియెంగ్ డబ్బు కట్టి ఫొటో దిగాడు. తీరా తీసుకోవడానికి వస్తే ఫొటో సరిగ్గా రాలేదంటారు. డబ్బు వెనక్కివ్వరు. మాటా మాటా పెరిగి ముక్కు పగులుతుంది. పూర్వపు మర్యాదల ప్రకారం తెల్లగడ్డం పెద్దమనిషి మీద చేయి పడకూడదు. ఇక్కడ కుర్రవాడు నిస్సంకోచంగా చేయి చేసుకున్నాడు.

భార్యలు డబ్బు పోయిందని అబద్ధం ఎందుకు చెప్పారు?

అప్పులవాళ్లను వదిలించుకోవడానికి. భర్త నెత్తురోడుతూ ఇంటికి రాగానే మేటీ ఏడుపు లంకించుకుని, దొంగలు మీదపడి మనియార్డర్ సొమ్ము లాక్కున్నారని వీధంతా చాటేస్తుంది. ఆ క్షణానికి అది గొప్ప తెలివి. దియెంగ్‌కు మాత్రం నామోషీ. సెంబేన్ చమత్కారం ఏమిటంటే, ఆ కట్టుకథే చివరికి వేరొకరి నోట నిజంలా తిరిగొస్తుంది.

## చూసిన తర్వాత

చివర్లో డబ్బు ఎవరు తిన్నారు?

ఎంబాయ్. ఫ్రెంచి చదువు, సూటు, కారు, విల్లా ఉన్న బంధువు. ‘మీకెందుకీ శ్రమ, నాకు అధికారపత్రం రాసివ్వండి’ అంటాడు. దియెంగ్ సంతకం పెడతాడు. ఎంబాయ్ డబ్బు తీసుకుని, జేబు కొట్టేశారని చెప్పి, దయతలచినట్టు ఒక బియ్యం బస్తా చేతిలో పెడతాడు. దియెంగ్‌కు అంతా అర్థమవుతుంది. అయినా చేయగలిగింది లేదు, ఎందుకంటే ఈసారి కాగితాలన్నీ సక్రమంగా ఉన్నాయి.

గమనించారా, సినిమాలో ఆఫీసు పని చకచకా అయిపోయింది ఈ ఒక్కసారే. మోసగాడి చేతిలో.

ఇదంతా సంప్రదాయం మంచిది, ఆధునికత చెడ్డది అన్న కథే కదా?

ఎక్కువమంది అలాగే చూస్తారు. నేను ఒప్పుకోను. దియెంగ్ పాతకాలపు పద్ధతుల మనిషే, కానీ ఆ పద్ధతులు అతన్ని కాపాడవు సరికదా, సగం నష్టం వాటివల్లే. అడిగినవాడికి లేదనడం తప్పు. అందుకే లేని డబ్బులోంచి దానం చేస్తాడు. పెద్దరికం పోతుందని భార్యల సలహా వినడు. అక్కచెల్లెలు ఊరినుంచి వచ్చి తన వాటా అడిగితే ఉన్నమాట చెప్పలేక ఆరమ్ నగ తాకట్టు పెడతాడు. ఇంట్లో తాను పనిచేయడు, పనిచేసే ఆడవాళ్లను మాత్రం అదిలిస్తాడు. సెంబేన్ అతన్ని చూసి నవ్వుతాడు, మనల్నీ నవ్వనిస్తాడు.

అటు కొత్త వ్యవస్థ సంగతి. అది సొంతంగా పుట్టింది కూడా కాదు. ఫ్రెంచివాళ్లు వదిలిపోయిన కౌంటర్లు, ముద్రలు, ఫారాలు అవే, కూర్చున్న మనుషులే మారారు. బంధుత్వాన్ని కూడా ఈ కొత్త దొరలు వదిలిపెట్టలేదు. ఎంబాయ్ దోచింది ‘మామా’ అని పిలిచే చనువుతోనే. పాత మర్యాద, కొత్త కాగితం కలిసి ఒకే మనిషిని పిండేశాయి. ఈ రెండూ కలిసి పనిచేయడం చూపించడమే ఈ సినిమా ప్రత్యేకత అని నా అభిప్రాయం. ‘పాత-కొత్త మధ్య సంఘర్షణ’ అని పరీక్ష జవాబులా రాసేస్తే అసలు కథ చేజారుతుంది.

చదువుకున్నవాళ్లంతా చెడ్డవాళ్లేనా?

కాదు. ఫ్రాన్స్ వెళ్లొచ్చిన మరో బంధువు కారులో నగర కార్యాలయానికి తీసుకెళ్లి నిజంగానే సాయం చేస్తాడు, చెక్కు కూడా ఇస్తాడు. ఆ చెక్కు మార్చుకునే చోట ఇంకొకడు కమీషన్ కొట్టేస్తాడనుకోండి. మంచివాడు ఒక్క గుమ్మం దాటించగలడు, అంతే.

చివర పోస్ట్‌మ్యాన్ మాటలకు అర్థం?

విరక్తి పుట్టిన దియెంగ్, ఇక తానూ దొంగగా, అబద్ధాలకోరుగా మారతానంటాడు. నిజాయితీ ఈ దేశంలో నేరమైపోయిందంటాడు. పోస్ట్‌మ్యాన్ బా ఒప్పుకోడు. దేశాన్ని మార్చాలంటాడు. ఎవరు మారుస్తారంటే నువ్వు, నీ భార్యలు, నీ పిల్లలు, నేను అని జవాబు.

కొందరికి ఇది ఉపన్యాసంలా అనిపిస్తుంది. కొంతవరకు నిజమే, సెంబేన్‌లోని కార్మిక సంఘం మనిషి ఇక్కడ బయటికి వస్తాడు. కానీ ఆ జాబితాలో భార్యల్ని విడిగా లెక్కపెట్టడం చూడండి. సినిమా అంతా బుర్ర పెట్టి ఆలోచించింది వాళ్లే.

## ఇంకా తెలుసుకోవాలనుకుంటే

నిజంగా రెండు భాషల్లో తీశారా?

అవును, వొలోఫ్‌లో ఒకటి, ఫ్రెంచిలో ఒకటి. ఫ్రాన్స్ ప్రభుత్వ సినిమా సంస్థ నుంచి అడ్వాన్సు వచ్చింది, నిర్మాత ఫ్రెంచివాడు, కాబట్టి ఫ్రెంచి రూపం తప్పలేదు. రంగుల్లో తీయాలన్నది కూడా అటునుంచి వచ్చిన షరతే. శృంగార దృశ్యాలు పెట్టమని ఒత్తిడి వస్తే తాను ఒప్పుకోలేదని సెంబేన్ తర్వాత చెప్పాడు. ఇప్పుడు మనం చూసేది వొలోఫ్ రూపమే.

నటులు పేరున్నవాళ్లేనా?

దియెంగ్‌గా మఖురేదియా గే చేశాడు. మిగతా పాత్రల్లో ఎక్కువగా సినిమా అనుభవం లేనివాళ్లే. మేటీగా ఇనుస్ ఎన్‌జాయ్, ఆరమ్‌గా ఇసే నియాంగ్ కనిపిస్తారు. ఇద్దరు సవతులు కళ్లతోనే మాట్లాడుకునే తీరు చూడండి. కెమెరా పాల్ సులిన్యాక్.

దీనికి మూలం ఏ పుస్తకం?

సెంబేనే 1960లలో ఫ్రెంచిలో రాసిన చిన్న నవల. సినిమా దాదాపు అదే దారిలో నడుస్తుంది. తాను ఫ్రెంచిలో రాసిన కథను తానే వొలోఫ్‌లోకి తెచ్చాడన్నమాట.

సినిమాతో ఆయన భాషా పోరాటం ఆగిందా?

లేదు. 1971లో మిత్రులతో కలిసి ‘కద్దు’ అనే వొలోఫ్ పత్రిక మొదలుపెట్టాడు. 1977లో ‘చెద్దో’ తీస్తే సెనెగల్ ప్రభుత్వం ఆపేసింది. అధికారికంగా చెప్పిన కారణం, పేరులో (Ceddo) ‘డి’ అక్షరం రెండుసార్లు రాశాడని! ఒకటే రాయాలని ప్రభుత్వ నియమం. అప్పటి అధ్యక్షుడు సెంఘోర్ స్వయంగా కవి, వ్యాకరణం విషయంలో పట్టుదల మనిషి. సెంబేన్ అక్షరం మార్చలేదు. ఆ సినిమాలో ఇస్లాం వ్యాప్తిని విమర్శనాత్మకంగా చూపించడమే అసలు ఇబ్బంది అని అందరూ అనుకునేవారు.

మంచి ప్రింట్ ఎక్కడ దొరుకుతుంది?

ఫ్రెంచి సినిమా సంస్థ స్టూడియోకెనాల్ దీన్ని 4కేలో పునరుద్ధరించింది. 2021లో, పాత మంచి సినిమాలను డిస్కులుగా తెచ్చే అమెరికన్ సంస్థ క్రైటీరియన్ నుంచి డిస్క్ వచ్చింది. యూట్యూబ్‌లో అరిగిపోయిన కాపీలు తిరుగుతుంటాయి, వాటితో చూస్తే బూబూల రంగులన్నీ బురదగా కనిపిస్తాయి. కాస్త ఆగి మంచిది పట్టుకోండి.

తర్వాత ఏం చూడాలి?

ముందు ‘బొరోమ్ సరే’ (1963). ఇరవై నిమిషాల లోపు సినిమా, డకార్ బండివాడి ఒక రోజు. తర్వాత ‘హాలా’ (1975). మూడో పెళ్లి రోజునే మగతనం పోయిన వ్యాపారి కథ. ఎంబాయ్ లాంటివాడినే హీరో చేస్తే ఎలా ఉంటుందో అందులో చూడొచ్చు. ఆడవాళ్ల తెగువ ప్రధానంగా కావాలంటే ‘మూలాదే’ (2004), ఆయన ఆఖరి సినిమా. క్రైటీరియన్ డిస్క్ దొరికితే అందులోనే ‘తవ్’ (1970) అనే చిన్న చిత్రం కూడా ఉంది, అది పని దొరకని డకార్ కుర్రాడి గురించి.